నాటక రచన కోర్సులు కొనేవారికి హెచ్చరిక: పేరు రంగస్థలానిది, పాఠాలు సినిమావి

రంగస్థలానికి నాటకం రాయడం పద్ధతిగా నేర్చుకోవాలన్న ఉద్దేశంతో ఆన్‌లైన్‌లో ఒక కోర్సు కొన్నాను. రుసుము మొత్తం ముందే కట్టించుకున్నారు. అవే మాటలతో, అవే హామీలతో అమ్మే కోర్సులు ఇంకా చాలా కనిపిస్తున్నందువల్ల, కొనబోయేవారు డబ్బు కట్టకముందే తెలుసుకోవలసిన సంగతులను ఇక్కడ రాస్తున్నాను. నా ఫిర్యాదు ఇంకా తేలలేదు కాబట్టి సంస్థ పేరు రాయడం లేదు. పైగా ఇలాంటి సంస్థ రేపు మరో పేరుతో ఇదే సరుకు అమ్మగలదు. కొనేవారికి పేరు తెలియడం కన్నా పద్ధతి తెలియడమే ఎక్కువ ఉపయోగం.

అనుభవజ్ఞుడైన నాటక రచయిత స్వయంగా బోధిస్తారని, మనం రాసి పంపిన ప్రతి రంగాన్నీ చదివి వ్యాఖ్యలు రాస్తారని, చివర్లో మన నాటకాన్ని నటులు చదివి వినిపిస్తారని ప్రకటనలో ఉంది. బోధించిన వ్యక్తి మాటకారి, కాదనను. కానీ ఆయన రాసిన నాటకాన్ని ఎవరు ప్రదర్శించారో, ఎవరు దర్శకత్వం వహించారో పరిచయ పాఠంలో గానీ, కోర్సు పేజీలో గానీ ఒక్క వివరమూ లేదు. ఆయన ఎన్ని వేలమందికి బోధించారో మాత్రం పదే పదే చెప్పారు.

అసలు మోసం పాఠాల్లో ఉంది. సినిమా స్క్రిప్టు రాసేవారికి తయారు చేసిన పాఠాలకే శీర్షికలు మార్చి నాటక రచనగా అమ్మారు. 'రంగ నిర్మాణం' అనే పాఠంలో చెప్పినదంతా షాట్ల గురించే. ఒకచోట 'ఇక్కడ నాయిక కళ్ల మీదికి వెళ్లండి' అన్న మాటను తీసేయడం కూడా మరిచిపోయారు. రంగస్థలం మీద కెమెరా లేదు. ప్రేక్షకుడు తన కుర్చీలోనే ఉంటాడు, తన ఇష్టం వచ్చిన వైపు చూస్తాడు. అతని చూపును ఒక పాత్ర మీదికి తేవాలంటే మిగిలిన పాత్రలను నిశ్శబ్దంగా ఉంచాలి, లేదా ఎవరో ఒకరు లేచి నిలబడాలి, లేదా అందరూ ఎదురుచూస్తున్న మనిషి అప్పుడే ప్రవేశించాలి. నాటక రచయిత నేర్చుకోవలసినది ఇదే, ఆ పాఠంలో లేనిదీ ఇదే. ఒక పేజీ అంటే ఒక నిమిషం అనే సినిమా లెక్కనూ మార్చకుండా అప్పగించారు. నాటకంలో ఆ లెక్క నిలవదు. సంభాషణ వేగాన్ని బట్టీ, మౌనాలను బట్టీ ఒకే పేజీ ఎంతకైనా సాగుతుంది, ఎంతకైనా కుదించుకుపోతుంది.

ఇతివృత్తం గురించిన పాఠంలో మూడంకాల నిర్మాణాన్ని అరిస్టాటిల్ సూత్రంగా చెప్పారు. అరిస్టాటిల్ ఆది, మధ్యం, అంతం అన్నాడు; ముడి పడటం, ముడి విడటం అన్నాడు. అంకాల లెక్క ఆయన చెప్పలేదు. గ్రీకు విషాదాంత నాటకాలు బృందగీతాల మధ్య ఘట్టాలుగా సాగేవి. అయిదు అంకాలు ఉండాలన్నవాడు రోమన్ కవి హోరేస్; ఆరోహణ అవరోహణల పిరమిడ్‌ను 1863లో గీసినవాడు జర్మన్ రచయిత గుస్తావ్ ఫ్రైటాగ్; ఇన్ని పేజీల దగ్గర మలుపు రావాలనే మూడంకాల సూత్రాన్ని 1979లో పుస్తకంగా ప్రచారంలోకి తెచ్చిన సిడ్ ఫీల్డ్ సినిమా రచన గురించి రాశాడు. పునాది పాఠంలోనే వీటిని కలగలిపి బోధించారంటే, తక్కిన పాఠాలను ఎంత శ్రద్ధగా తయారు చేశారో ఊహించవచ్చు. నాట్యశాస్త్రం రాసిన భరతుడు ఇతివృత్తానికి చెప్పిన అయిదు దశల, అంటే పంచసంధుల, ప్రస్తావన రాలేదని నేను తప్పుపట్టడం లేదు. అవి తెలియకుండానే మంచి నాటకం రాసినవారున్నారు. తప్పు చెప్పకుండా ఉంటే చాలునన్నదే నా మాట.

నాటకం రాసేవాడికి ఎదురయ్యే అసలు చిక్కుల్లో ఒక్కటైనా ఆ కోర్సులో చర్చకు రాలేదని చెప్పడానికి నా అభ్యాసమే ఉదాహరణ. నేను పంపిన రంగం చివర్లో ఒక వృద్ధురాలు మాసిన చీరతో లోపలికి వెళుతుంది, తరువాతి రంగం మొదట్లోనే ముస్తాబై బయటికి వస్తుంది. సినిమాలో ఇది ఒక కత్తిరింపుతో పోతుంది. రంగస్థలం మీద ఆ నటి చీర మార్చుకునేందుకు సమయం కావాలి. ఆ వ్యవధిలో వేదిక మీద మరెవరో ఉండాలి, వాళ్లు మాట్లాడే మాట కథకు అవసరమై ఉండాలి, అది సమయం గడపడానికి రాసినదని ప్రేక్షకుడికి అనిపించకూడదు. నాటక రచనలో సగం నేర్పు ఇలాంటి చోట్లే బయటపడుతుంది. నిజంగా చదివినవారెవరైనా మొట్టమొదట అడిగేది ఈ ప్రశ్నే. నాకు వచ్చిన వ్యాఖ్యలో మాత్రం 'మీ కథానాయకుడి అంతర్గత సంఘర్షణ మరింత బలపడాలి' అని ఉంది. నా నాటికలో ఉన్నవి రెండే పాత్రలు, ఇద్దరూ వృద్ధ స్త్రీలు.

ఆ వ్యాఖ్య రంగాన్ని పంపిన కొద్ది నిమిషాల్లోనే వచ్చింది. అంత తొందరగా రావడమే అనుమానాస్పదం. కోర్సు చర్చా బృందంలో పరిచయమైన మరొక కొనుగోలుదారుతో నా వ్యాఖ్యలను పోల్చి చూస్తే, వాక్యాలకు వాక్యాలే ఒకటిగా ఉన్నాయి. ఆయన రాసినది హాస్య నాటిక. మనిషి చదివి రాశాడని నమ్మడానికి నాకు ఎక్కడా ఆధారం కనిపించలేదు.

నటుల పఠనం విషయం మరీ అన్యాయం. అది మనం కొన్న కోర్సులో భాగం కాదని, అదనపు రుసుముతో పైస్థాయి సభ్యత్వం తీసుకున్నవారికేనని చివరి పాఠానికి చేరాక తెలిసింది. ఆ రుసుము కూడా కట్టిన, నేను ముందు చెప్పిన కొనుగోలుదారుకు అందినది అన్ని పాత్రలకూ ఒకే కంప్యూటర్ గొంతు ఉన్న ఆడియో ఫైలు. నేర్చుకునేవాడికి పఠనం అలంకారం కాదని తెలిసినవారు ఈ పని చేయరు. కాగితం మీద గంభీరంగా కనిపించిన వాక్యం నటుడి ఊపిరికి అందదని, ఒక పాత్ర పేరు చాలాసేపటి వరకు ఎవరూ పలకలేదని, హాస్యం అనుకున్న చోట ఎవరూ నవ్వలేదని తెలిసేది నలుగురు కూర్చుని గట్టిగా చదివినప్పుడే. దీపాలు, తెరలు లేని కాలంలో పట్టపగలు ఆడిన నాటకాల్లో స్థలమూ కాలమూ సంభాషణే చెప్పవలసి వచ్చేది. షేక్‌స్పియర్ 'హామ్లెట్' మొదటి రంగంలో కాపలావాళ్ల మాటల్లోనే అర్ధరాత్రి, చలి, భయం అన్నీ తెలిసిపోతాయి. మన సంభాషణకు అంత శక్తి ఉందో లేదో కంప్యూటర్ గొంతు చెప్పలేదు.

తిరగరాయడానికి ఈ కోర్సులో అసలు చోటే లేదు. ఒక రంగం పంపడం, వ్యాఖ్య అందుకోవడం, తరువాతి పాఠానికి వెళ్లడం, అంతే. సవరించిన ప్రతిని పంపే వీలు లేదు. 1892లో ప్రదర్శితమై 1897లో అచ్చయిన 'కన్యాశుల్కం'ను గురజాడ అంతటితో వదలలేదు. ఎంతో పెంచి, మార్చి, 1909లో దాదాపు కొత్త నాటకంగా తెచ్చారు. ఈనాడు మనం చదివేది ఆ రెండో కూర్పునే. తిరగరాయించని కోర్సు నాటక రచన నేర్పుతున్నానని చెప్పుకోవడం నాకు అర్థం కాని విషయం.

డబ్బు వాపసు నిబంధనను కూడా జాగ్రత్తగా చదవండి. వీడియోల్లో నాలుగో వంతు చూడకముందు అడిగితే పూర్తి సొమ్ము ఇస్తామన్నారు. అయితే బోధకుడి పరిచయం, పాత విద్యార్థుల ప్రశంసలు, వెబ్‌సైటు వాడే విధానం కలిపి ఆ నాలుగో వంతు పూర్తవుతుంది. రచన గురించిన మొదటి పాఠం తెరిచేసరికే వాపసు హక్కు పోయి ఉంటుంది. పైగా ఒక వీడియో ముగియగానే తరువాతిది దానంతట అదే మొదలవుతుంది, అదీ చూసినట్టే లెక్క.

అన్నిటికన్నా ప్రమాదకరమైనది షరతుల పేజీలో అడుగున ఉంది. కోర్సులో భాగంగా సమర్పించిన రచనను ఏ రూపంలోనైనా వాడుకోవడానికి, మార్చడానికి, ఇతరులకు ఇవ్వడానికి సంస్థకు శాశ్వతమైన, రుసుము లేని హక్కు ఉంటుందని అందులో రాసుకున్నారు. 1886 నాటి బెర్న్ ఒప్పందాన్ని అనుసరించే దేశాల్లో రచనపై హక్కు ఏ నమోదూ లేకుండానే రచయితకు వస్తుంది. అలా వచ్చిన హక్కును ఒక బటన్ నొక్కి పంచి ఇచ్చేస్తున్నామని చాలామందికి తెలియదు. నాటక రచయితకు రాబడి ప్రధానంగా ప్రదర్శన హక్కు మీదే ఆధారపడుతుంది కాబట్టి, ఇది కథల కోర్సులో కన్నా ఇక్కడ ఎక్కువ నష్టం. ఆ షరతు చదివాక నేను పూర్తి నాటకాన్ని అప్‌లోడ్ చేయలేదు. అందువల్ల ధ్రువపత్రం ఇవ్వబోమన్నారు. ఆ పత్రం చూసి ఏ నాటక సమాజమూ స్క్రిప్టు తీసుకోదు కాబట్టి నాకు దాని బెంగ లేదు.

ఇలాంటి కోర్సు కొనాలనుకుంటే, వ్యాఖ్యలు రాసిన ఒక పాత స్క్రిప్టును పేర్లు తొలగించి చూపమని అడగండి. నిజంగా చదివి రాసేవారు దానికి ఇబ్బంది పడరు. పాత్రల ప్రవేశ నిష్క్రమణల మీద, రంగాల మార్పు మీద ప్రత్యేకంగా పాఠాలు ఉన్నాయేమో విషయసూచికలో వెతకండి. సినిమా పాఠాల్లో అవి ఉండవు గనుక ఇంతకన్నా సులువైన పరీక్ష లేదు. పఠనం ఎవరు చేస్తారు, అది ఏ రుసుములో కలిసి ఉంది, సవరించిన ప్రతిని మళ్లీ చూస్తారా అనేవి ఫోనులో కాకుండా రాతపూర్వకంగా అడిగి, జవాబును దాచుకోండి. మీకు అందుబాటులో నాటక బృందం ఏదైనా ఉంటే, కోర్సు ఆలోచన పక్కన పెట్టి, రిహార్సళ్లలో ప్రాంప్టింగ్, అంటే నటులు మరిచిన మాటలు అందించే పని, చేస్తానని అడగడం మేలు. నటులు ఏ వాక్యాన్ని మళ్లీ మళ్లీ మరిచిపోతున్నారో అక్కడ కూర్చున్నవాడికి తెలుస్తుంది, చాలాసార్లు ఆ వాక్యంలోనే లోపం ఉంటుంది.

నా ఫిర్యాదుకు సంస్థ ఇచ్చిన జవాబు, సొమ్ముకు బదులుగా తమ మరో కోర్సును ఉచితంగా ఇస్తామని. అది సినిమా రచన కోర్సు. విషయసూచిక తెప్పించి చూశాను. పాఠాల వరుస నేను కొన్నదానికి అక్షరాలా సరిపోయింది. ఆ రెండు సూచికలనూ పక్కపక్కన పెట్టి, చెల్లింపు జరిపిన బ్యాంకుకు వివాదం నమోదు చేశాను. అక్కడి నుంచి నిర్ణయం రాగానే ఇక్కడే తెలియజేస్తాను. ఇదే కోర్సు కొన్నవారెవరైనా ఉంటే, తమకు వచ్చిన వ్యాఖ్యల ప్రతులను భద్రపరచుకోండి.