‘సీల్డ్ రికార్డు’ అంటే నమ్మి డబ్బు పంపకండి (మెల్‌బోర్న్ వాళ్లు తప్పక చదవండి)

వెస్ట్ వైపు పాత రికార్డులు అమ్మే మన తెలుగాయన ఎవరో ఇక్కడ చాలామందికి తెలుసు, పేరు రాయను. నిన్న ఆయన దగ్గర ‘లాటా సీ లైస్’ ఎల్‌పీ (పెద్ద గ్రామఫోన్ డిస్క్) కొన్నాను. గాయని కోర్ట్నీ బార్నెట్, గాయకుడు కర్ట్ వైల్ కలిసి చేసిన 2017 నాటి ఆల్బమ్. వైల్ ఫిలడెల్ఫియా మనిషి, బార్నెట్ అప్పట్లో ఉండేది ఇక్కడే, రికార్డింగ్ కూడా మెల్‌బోర్న్‌లోనే. ఉన్నవి తొమ్మిది పాటలు, అందులో వైల్ పాత పాట ఒకటి ఆమె పాడుతుంది, ఆమె పాట ఒకటి ఆయన పాడతాడు. ఆ రెండూ ఫోన్‌లో వినీ వినీ, ఒక్కసారి సూది పెట్టి వినాలని నా కోరిక. దొరికాడు కదా మనవాడు!

“తమ్ముడూ, నీకోసం పక్కన పెట్టాను, సీల్ కూడా తీయలేదు” అన్నాడు. బార్నెట్ వాళ్ల లేబుల్ (రికార్డులు వేసే కంపెనీ) మిల్క్ రికార్డ్స్ 2023లో మూసేశారు, ఇక ప్రింట్ రాదు, వచ్చే ఏడాది డబుల్ రేటు అని ఒక క్లాసు కూడా పీకాడు. లేబుల్ మూసేసిన మాట నిజమే, కానీ అమెరికాలో ఈ ఆల్బమ్ వేసింది మాటడార్ వాళ్లు, వాళ్లు నిక్షేపంగా నడుస్తున్నారు. ఇదంతా నాకు ముందే తెలుసు, తెలిసీ తలూపుతూ నిలబడ్డాను చూడండి, నా తెలివికి ఒక శాలువా కప్పాలి.

ఫుట్‌స్క్రే స్టేషన్ బయట కలిశాం. పే ఐడీలో (బ్యాంకు నుంచి నేరుగా పంపే పద్ధతి) తొంభై డాలర్లు పంపాను, ఆయన కవర్ చేతిలో పెట్టి ట్రైన్ టైమ్ అయిందని వెళ్లిపోయాడు. ఇంటికొచ్చి ప్లాస్టిక్ చింపి డిస్క్ బయటికి లాగితే మధ్యలో లేబుల్ కాగితం మీద గంటలూ, క్రిస్మస్ చెట్టూ! ఏదో చర్చి కోయిర్ వాళ్ల పాత రికార్డు, దాని మీద ఫోర్కుతో గీకినట్టు గీతలు. అప్పుడు కవర్ సరిగ్గా చూశాను. అట్ట మూల నలిగి పొరలు లేచిపోయి ఉంది, దాని మీద ఉన్న ప్లాస్టిక్‌కి మాత్రం చిన్న గీత కూడా లేదు. అంటే అట్ట పాతబడ్డాక ఇంట్లో కూర్చుని కొత్త ప్లాస్టిక్ చుట్టాడన్నమాట.

సరే, పొరపాటున మారిందేమో అనుకుని ఫోటోలు పెట్టి మర్యాదగానే “అన్నా, ఇందులో వేరే డిస్క్ ఉంది” అని మెసేజ్ చేశాను. వచ్చిన జవాబు: “చూడండి, సీల్ తీశాక నాకు సంబంధం లేదు. డిస్క్ మీరే మార్చి ఉండొచ్చు కదా.” పొద్దున తమ్ముణ్ణి, సాయంత్రానికి ‘మీరు’ అయ్యాను, పైగా దొంగని! డబ్బు పోతే పోయింది, ఆ మాటే ఇంకా మింగుడు పడటం లేదు. ఫోన్ చేస్తే ఎత్తలేదు, కాసేపటికి బ్లాక్ చేశాడు. క్రిస్మస్ పాటలు మాత్రం నాకే వదిలేశాడు, మహానుభావుడు.

బ్యాంకు వాళ్లని అడిగితే మీరే పంపారు కదండీ అంటున్నారు. షాపులో కొంటే వచ్చే గ్యారంటీ హక్కులు ఇలా మనిషి దగ్గర కొన్నదానికి చాలావరకు వర్తించవట. మోసాల మీద ఫిర్యాదులు తీసుకునే ప్రభుత్వ సైట్ స్కామ్‌వాచ్‌లో రిపోర్ట్ అయితే పెట్టాను, చూద్దాం.

కొనేవాళ్లు ఎదురుగానే ప్లాస్టిక్ తీయించి డిస్క్ లేబుల్ చూసి అప్పుడు డబ్బు పంపండి. ‘సీల్ తీస్తే వాల్యూ పోతుంది’ అంటే పోనీయండి. పేపాల్ అయితే ఫ్రెండ్స్ అండ్ ఫ్యామిలీలో (తెలిసినవాళ్లకి డబ్బు పంపే ఆప్షన్) మాత్రం పంపొద్దు, అందులో కొన్నవాడికి రక్షణ ఉండదు.

ఇప్పుడే ఒక ఫ్రెండ్ స్క్రీన్‌షాట్ పంపాడు, ఆయన ఈ రోజు ఇంకో రెండు ‘సీల్డ్’ రికార్డులు అమ్మకానికి పెట్టాడు. ఒకదాని మూల ఫోటోలోనే నలిగి కనిపిస్తోంది.