ద కోవ్: బండరాయిలో దాచిన కెమెరా చూసింది

జపాన్‌లో తైజీ అనే ఊరి పక్కన డాల్ఫిన్లను ఎలా చంపుతారో బయటపెట్టిన డాక్యుమెంటరీ ఇది. తీసింది లూయీ సిహోయోస్. 2009లో విడుదలై, మరుసటి ఏడు ఆస్కార్ గెలిచింది. నిడివి గంటన్నర. దొంగచాటుగా ఆధారాలు ఎలా రాబట్టారో ఇంత విప్పి చూపిన చిత్రాలు అరుదు.

వేట ఇలా సాగుతుంది. పడవలు వరుసగా నిలిచి, పొడవాటి లోహపు గొట్టాలను నీళ్లలోకి దించుతాయి. పైకొసను సుత్తితో కొడుతూనే ఉంటారు. నీటిలో శబ్దం గాలిలో కంటే నాలుగు రెట్లకు పైగా వేగంగా పోతుంది. డాల్ఫిన్ దారి పోల్చుకునేదే శబ్దంతో కాబట్టి ఆ మోతకు బెదిరి ఒడ్డువైపు పరుగెడతాయి. వెంటనే వలలు కట్టేస్తారు. తెల్లారాక అక్వేరియాల శిక్షకులు కావలసినవాటిని ఏరుకుంటారు. మిగిలినవి పక్కనే, ఎవరి కంటా పడని చిన్న అఖాతంలో చస్తాయి. బతికున్నదానికి లక్షన్నర డాలర్ల దాకా, మాంసానికి పోయేదానికి 600 డాలర్లు అంటుంది చిత్రం. వేటను నడిపిస్తున్నది ఆ మొదటి అంకే.

ఆ చోటు చుట్టూ కొండచరియలు, ముళ్లకంచె, కాపలా. అందుకే సినిమా నమూనాలు చేసే నిపుణులతో అచ్చం బండరాళ్లలాంటి తొడుగులు చేయించి, వాటిలో కెమెరాలు దాచారు. చీకట్లో మనుషుల ఒంటివేడిని పట్టే థర్మల్ కెమెరాతో కాపలావాళ్లను గమనించారు. సిలిండర్లు లేకుండా ఊపిరి బిగబట్టి దూకే ఈతగాళ్లు నీటి అడుగున మైకులు పెట్టారు. పెట్టడం ఒక రాత్రి, తెచ్చుకోవడం మరో రాత్రి. ఎక్కడ దొరికిపోయినా మొత్తం పోయినట్టే.

ఒక దృశ్యంలో గాయపడిన డాల్ఫిన్ ఒకటి వలలు దాటుకుని ఒడ్డువైపు ఈదుకొస్తుంది. పైకి తేలిన ప్రతిసారీ ఊపిరి కాస్త తగ్గుతుంది. చివరికి మళ్లీ తేలదు. మాటలేవీ అక్కర్లేదు.

లోపాలూ ఉన్నాయి. జాలర్ల మాట దాదాపు వినపడదు. జపాన్‌లో ఏటా 23 వేల డాల్ఫిన్లు చస్తాయన్న చిత్రం లెక్క వింటే అంతా తైజీలోనే అనిపిస్తుంది. ఆ లెక్కలో ఎక్కువ భాగం ఉత్తర జపాన్ సముద్రంలో చేతి ఈటెలతో వేటాడే డాల్స్ పోర్పాయిస్‌లవి, అంటే డాల్ఫిన్లకు దగ్గరి బంధువులైన మరో జాతివి. ఈ తేడా చెప్పకపోవడం, ఇంత కష్టపడి ఆధారం తెచ్చినవాళ్లు చేయకూడని పొరపాటు.

జపాన్ జంతుప్రదర్శనశాలల, అక్వేరియాల సంఘం 2015లో తన సభ్యులు తైజీ డాల్ఫిన్లను కొనకూడదని తీర్మానించింది. మన దేశం 2013లోనే డాల్ఫినేరియాలకు, అంటే డాల్ఫిన్లను ఉంచి ఆడించే ప్రదర్శనశాలలకు, అనుమతులు ఆపేసింది. తైజీలో వేట ఆగలేదు.

చివరి పావుగంట పిల్లలకు చూపించకండి. పెద్దవాళ్లు మాత్రం హెడ్‌ఫోన్స్ పెట్టుకుని చూడాలి. నీటి అడుగు మైకులు పట్టిన డాల్ఫిన్ల అరుపులు ఫోన్ స్పీకర్లో సరిగా వినపడవు.