నీటి ఎలుగుబంటి కిట్: సామగ్రి బాగుంది, పుస్తకం తిరగరాయాలి

టార్డిగ్రేడ్లను, అంటే నీటి ఎలుగుబంట్లు అనే అతి చిన్న జీవులను, పిల్లలకు చూపించడానికి తెప్పించిన ఈ కిట్ గురించి నా తీర్పు ముందే చెబుతాను. కొనండి. కానీ లోపల పెట్టిన చిన్న పుస్తకంలోని ‘ఎండబెట్టే ప్రయోగం’ పేజీని మాత్రం పిల్లల చేతికి ఇవ్వకండి. అందులో చెప్పినట్టు చేస్తే ఆ జీవులు, ఎండినప్పుడు వెళ్లాల్సిన నిద్రలాంటి స్థితిలోకి వెళ్లవు, చచ్చిపోతాయి. నేను ఉన్నత పాఠశాలలో జీవశాస్త్రం బోధిస్తాను. పెట్టె మీద ‘చావులేని జీవి’ అని పెద్ద అక్షరాలతో వేశారు. ఆ మాట నమ్మిన పిల్లలు కళ్లముందు చచ్చిన జీవిని చూసి తామేదో తప్పు చేశామని బాధపడితే నాకు చాలా కష్టంగా అనిపించింది. తప్పు వాళ్లది కాదు. అందుకే ఈ సమీక్ష కాస్త పొడుగ్గా రాస్తున్నాను.

పెట్టెలో ఏమున్నాయంటే: 20 రెట్లు, 40 రెట్లు పెంచి చూపే రెండు కళ్ల మైక్రోస్కోపు, ఎండు నాచు పొట్లం, మూతలున్న గాజు పళ్లేలు, డ్రాపర్లు, గుంట ఉన్న స్లయిడ్లు, వడపోత కాగితం, బిగుతు మూత ఉన్న చిన్న సీసా, పుస్తకం. మైక్రోస్కోపు అద్దాలు శుభ్రంగా, స్పష్టంగా ఉన్నాయి. కింది నుంచీ పై నుంచీ వెలుగు ఇవ్వవచ్చు. ఎల్‌ఈడీ దీపం కాబట్టి నీళ్లు వేడెక్కవు. ఇది చిన్న విషయం కాదు, కారణం తరువాత చెబుతాను.

నాచు పొట్లం నాణ్యతకు పూర్తి మార్కులు. చిటికెడు నాచును గాజు పళ్లెంలో వాన నీటిలో ఒక రాత్రి నానబెట్టి, మరునాడు పిండి, అడుగున దిగిన మడ్డిని చూడాలి. కుళాయి నీటిలో క్లోరిన్ ఉంటుంది కనుక అది వద్దు. పుస్తకం ‘ఒక గంట చాలు’ అంటుంది. గంటలో లేచేవి కొన్ని ఉంటాయి, కానీ తొందరపడితే చాలావాటిని చూడకుండానే పారబోస్తాం. ఇంకొక చిట్కా పుస్తకంలో లేదు. కింది దీపం ఆర్పేసి, పళ్లెం కింద నల్ల కాగితం పరిచి, వెలుగును పక్క నుంచి ఏటవాలుగా పడనివ్వండి. మట్టి రేణువుల మధ్య నడిచే తెల్లటి, పారదర్శకమైన శరీరం అప్పుడు చటుక్కున కనిపిస్తుంది.

నీళ్లలో మొదట కంటపడేవి వేరే జీవులు. కొరడాలా మెలికలు తిరిగేవి నెమటోడ్లు. శరీరాన్ని సాగదీసి, ముడుచుకుని, తల దగ్గర వెంట్రుకల చక్రం తిప్పేవి రోటిఫర్లు. టార్డిగ్రేడ్ ఈ రెండింటిలా ఉండదు. దానికి నాలుగు జతల పొట్టి కాళ్లు, కాళ్ల చివర గోళ్లు ఉంటాయి. మొదటి మూడు జతలతో నడుస్తుంది, వెనక జతతో పట్టుకుంటుంది. ఈదడం రాదు. నున్నటి గాజు మీద వదిలితే గోళ్లకు పట్టు దొరక్క, ఉన్నచోటే కాళ్లు ఆడిస్తూ అలసిపోయినట్టు కనిపిస్తుంది. పిల్లలు ‘టీచర్, దీనికి నడవడం రాదా?’ అని అడిగేది ఇక్కడే. పళ్లెంలో చిన్న నాచు రెమ్మ ఒకటి వేయండి. దాన్ని ఎక్కుతూ, ఆకును గోళ్లతో లాగిపట్టి తల అటూ ఇటూ తిప్పుతూ పోతుంది. 1773లో యోహాన్ గోట్స అనే జర్మన్ ప్రకృతి పరిశీలకుడు దీనికి చిన్న నీటి ఎలుగుబంటి అని ఎందుకు పేరు పెట్టాడో అప్పుడు వివరించాల్సిన పని ఉండదు.

సాధారణంగా అర మిల్లీమీటరు మించని ఈ శరీరంలో ఎంత అమరిక ఉందో చూడాలంటే కిట్‌లోని మైక్రోస్కోపు సరిపోదు. ఇది లోపమని అనను, 40 రెట్ల పరికరం నుంచి అంతకన్నా ఆశించకూడదు. మా ప్రయోగశాలలోని 400 రెట్ల మైక్రోస్కోపు కింద పెట్టి చూశాం. నోటి నుంచి లోపలికి సన్నటి గొట్టం, దానికి చెరో పక్క ఒక సూది, ఆ వెనక గుండ్రటి కండర గ్రసని, అంటే గొంతు భాగం. సూదులతో నాచు కణాన్నో శైవలాన్నో గుచ్చి, గ్రసనితో లోపలి రసాన్ని పీలుస్తుంది. పచ్చటి కణాలు తిన్నదాని పేగు పచ్చగానే కనబడుతుంది. గుండె లేదు, రక్తనాళాలు లేవు, ఊపిరి తీసే అవయవమూ లేదు. ప్రాణవాయువు చర్మం గుండానే లోపలికి వెళుతుంది. శరీర ద్రవంలో గుండ్రటి నిల్వ కణాలు తేలుతూ ఉంటాయి. అది కాలు కదిపినప్పుడల్లా అవన్నీ ఒక పక్క నుంచి మరో పక్కకు దొర్లుతాయి. ఆ కణాలు దొర్లడం చూస్తూ తరగతి గదిలో అందరూ నిశ్శబ్దంగా ఉండిపోయారు.

మా నాచులో మిల్నేసియం అనే టార్డిగ్రేడ్ కూడా దొరికింది. ఇది వేటాడే రకం. మిగతావాటికన్నా పెద్దది, చురుకైనది, నోరు వెడల్పు. రోటిఫర్‌ను నోటితో పట్టి లోపలికి పీల్చేసింది. మెత్తటి శరీరం కరిగిపోయాక రోటిఫర్ గట్టి దవడలు మాత్రం పేగులో విడిగా కనిపించాయి. ఏం తిన్నదో దాని పొట్టే చెబుతోంది. నాచు ప్రపంచంలో టార్డిగ్రేడ్ అంటే అన్నింటినీ భరిస్తూ కూర్చునే జీవి మాత్రమే కాదని పిల్లలకు అర్థం కావడానికి ఇంతకన్నా మంచి పాఠం లేదు.

ఇక పుస్తకం సంగతి.

మొదటి పేజీలోనే దీన్ని ‘సూక్ష్మ కీటకం’ అన్నారు. కీటకం కాదు. టార్డిగ్రేడా అనేది విడిగా ఒక వర్గం. కీటకాలు, సాలీళ్లు, పీతలు ఉన్న ఆర్థ్రోపొడా ఎంత స్థాయి వర్గమో ఇదీ అంతే. ఆర్థ్రోపొడాకూ, ఒనికోఫొరా అనే మెత్తటి శరీరపు నడిచే పురుగులకూ ఇవి దగ్గరి చుట్టాలు. వాటిలాగే పైతొడుగును విడిచి పెరుగుతాయి. ఇప్పటివరకు గుర్తించిన జాతులు 1,300కు పైనే. నీటి పొర దొరికే ప్రతిచోటా, సముద్రపు అడుగు నుంచి హిమాలయాల వరకూ ఉన్నాయి. ఒక అద్భుతమైన విషయం కూడా ఉంది. శరీర భాగాల క్రమాన్ని నిర్ణయించే హాక్స్ జన్యువుల్ని 2016లో పరిశీలించినప్పుడు, టార్డిగ్రేడ్ శరీరం దాదాపు మొత్తం ఆర్థ్రోపొడా జీవి తల భాగానికే సరిపోలుతుందని తేలింది. మధ్య శరీరానికి సంబంధించిన పెద్ద భాగాన్ని పరిణామ క్రమంలో అది పోగొట్టుకుంది. నడుస్తున్న తలను చూస్తున్నామన్నమాట! ఇలాంటి సంగతి వదిలేసి ‘సూక్ష్మ కీటకం’ అని రాయడం నాకు నచ్చలేదు.

వర్గీకరణ పట్టికలో మూడు విభాగాలు ఇచ్చారు. వాటిలో రెండింటి గురించి ఏ సందేహమూ లేదు. వీపు మీద కవచపు పలకలున్న ఎకినిస్కస్ వంటివి హెటెరోటార్డిగ్రేడా. మిల్నేసియం, మాక్రోబయోటస్, హిప్సిబియస్ వంటివి యూటార్డిగ్రేడా. మూడోదైన మీసోటార్డిగ్రేడా ఒకే ఒక్క జాతి మీద ఆధారపడింది. జపాన్‌లో నాగసాకి దగ్గరి వేడినీటి బుగ్గలో దొరికిందని 1937లో గిల్బర్ట్ రాహ్మ్ వర్ణించాడు. దాని నమూనా మిగలలేదు, తరువాత ఎవరికీ మళ్లీ దొరకలేదు. చాలామంది నిపుణులు ఇప్పుడు దాన్ని లెక్కలోకి తీసుకోరు. పిల్లల పుస్తకంలో మూడింటినీ సమానంగా పెట్టడం సరికాదు. ‘ఈ కిట్‌తో జాతిని గుర్తించండి’ అన్న పేజీ కూడా తీసేయాలి. గోళ్ల ఆకారం, గ్రసనిలోని గట్టి ముక్కల వరుస, గుడ్ల మీది నగిషీ చూస్తే తప్ప జాతి తేలదు. 40 రెట్లలో అవేవీ కనిపించవు. ఎర్రటి కవచం ఉన్నదెవరో, పెద్ద నోటి వేటగాడెవరో గుర్తుపట్టగలిగితే ఈ పరికరానికి అదే గొప్ప.

అసలు తగవు ఎండబెట్టే ప్రయోగం దగ్గర. స్లయిడు మీద చుక్క నీటిలో జీవిని పెట్టి, బల్బు కింద పది నిమిషాలు ఆరబెట్టి, మళ్లీ నీళ్లు పోస్తే ‘లేచి నడుస్తుంది’ అని రాశారు. మా పిల్లలు అలాగే చేశారు. ఏదీ లేవలేదు. కారణం సులభం. ఎండిపోవడానికి ఈ జీవికి సమయం కావాలి. గాలిలో తేమ మెల్లగా తగ్గుతుంటే అది తల, కాళ్లు లోపలికి లాక్కుని, చర్మాన్ని మడతలు పెట్టుకుని, పీపాలా ముడుచుకుంటుంది. దీన్నే టన్ స్థితి అంటారు. శరీరంలో నీరు రెండు మూడు శాతానికి పడిపోతుంది, జీవక్రియలు కొలవడానికి అందనంతగా తగ్గిపోతాయి. హిప్సిబియస్ వంటి రకాలు ఆరడం మొదలయ్యాక గానీ రక్షక ప్రొటీన్లను పెద్ద మొత్తంలో తయారు చేసుకోవు. నిర్దిష్ట ఆకారం లేని ఆ ప్రొటీన్లు, నీరు పోయిన కొద్దీ కణం లోపలి భాగాలను పట్టి ఉంచే ఘనంగా మారతాయి. పది నిమిషాల్లో ఆరిపోతే ఆ ఏర్పాటు జరిగేదెప్పుడు? రామజోటియస్ వంటి కొన్ని రకాలు ఆ ప్రొటీన్లను ముందే నిల్వ ఉంచుకుంటాయి కనుక త్వరగా ఆరినా తట్టుకుంటాయి. పొట్లంలో ఏది వస్తుందో తెలియనప్పుడు అందరికీ పనికొచ్చే పద్ధతే రాయాలి.

ఆ పద్ధతికి కావలసిన సామాను మొత్తం ఈ పెట్టెలోనే ఉంది, అదే నా బాధ. వడపోత కాగితం ముక్క మీద జీవులున్న చుక్కను వేయండి. దాన్ని గాజు పళ్లెంలో పెట్టి, పక్కన తడి దూది ఉంచి, మూత కొంచెం తెరిచి ఒకటి రెండు రోజులు నీడలో వదిలేయండి. కాగితం దానంతట అదే ఆరాలి. తరువాత నీటి చుక్క వేస్తే ముందు మడతలు విప్పుకుంటాయి, తరువాత ఒక కాలు, ఆపై మిగతావి. కొన్నిటికి నిమిషాలు పడుతుంది, కొన్నిటికి గంటలు. కొన్ని లేవవు, ఆ మాటా పిల్లలకు ముందే చెప్పాలి.

బల్బు వల్ల రెండో నష్టం వేడి. ‘151 డిగ్రీల్లోనూ బతుకుతుంది’ అని పుస్తకం గొప్పగా చెప్పింది. పాత ప్రయోగాల్లో ఎండిపోయిన జీవులు కొద్ది నిమిషాలపాటు అలాంటి వేడిని తట్టుకున్న మాట నిజమే. చురుకుగా తిరుగుతున్న జీవి సంగతి పూర్తిగా వేరు. 2020లో రామజోటియస్ మీద జరిగిన అధ్యయనంలో, నీటిలో తిరిగేవాటిలో సగం 24 గంటల్లో చనిపోవడానికి 37.1 డిగ్రీలు చాలింది. ఎండిన వాటికి గంటసేపైతే 82.7 డిగ్రీలు, 24 గంటలైతే 63.1 డిగ్రీలు. అందుకే మైక్రోస్కోపుకు చల్లటి ఎల్‌ఈడీ ఉండటం మేలన్నాను. అదే పెట్టెలోని పుస్తకం జీవిని బల్బు కింద పెట్టమనడం దారుణం.

‘నూరేళ్లు ఎండి ఉన్నా లేస్తుంది’ అన్నది మరో అతిశయం. 1948లో మ్యూజియం నాచులో ఒక జీవి కాలు కదిలిందన్న పరిశీలన నుంచి పుట్టిన మాట అది, లేచి తిరిగింది లేదు. గట్టి ఆధారం ఉన్న కథ అంతకన్నా బాగుంటుంది. 1983లో అంటార్కిటికాలో సేకరించి మైనస్ 20 డిగ్రీల్లో దాచిన నాచులోంచి, ముప్పై ఏళ్ల తరువాత జపాన్ పరిశోధకులు టార్డిగ్రేడ్లను లేపారు. వాటిలో ఒకటి 19 గుడ్లు పెట్టింది, 14 పొదిగాయి. గది వాతావరణంలో ఎండిన నాచుకు ఇంత వ్యవధి ఉండదు, నమ్మదగ్గ లెక్కలు పదేళ్ల దరిదాపుల్లోనే ఉన్నాయి. ఆ లెక్కన నాచు పొట్లం మీద సేకరించిన తేదీ వేయడం అవసరం. తయారీదారులు వేయలేదు.

అంతరిక్షం పేజీ మాత్రం చాలావరకు సరిగ్గా ఉంది. 2007లో ఫోటాన్-ఎం3 ఉపగ్రహంలో ఎండిన జీవులు భూమి చుట్టూ తిరుగుతూ పది రోజులు బహిరంగ అంతరిక్షంలో గడిపాయి. శూన్యాన్ని బాగానే తట్టుకున్నాయి, దానికి సూర్యుడి అతినీలలోహిత కిరణాలు తోడైతే బతికినవి అతి తక్కువ. ఈ రెండో సగాన్ని దాచకుండా రాసినందుకు మెచ్చుకోవాలి. డిఎస్‌యూపీ ప్రొటీన్ గురించీ బాగా రాశారు. అది డీఎన్ఏకు అంటిపెట్టుకుని రేడియేషన్ దెబ్బను తగ్గిస్తుంది. 2016లో దాన్ని పరీక్షనాళికలో పెరిగే మానవ కణాల్లో ప్రవేశపెడితే ఎక్స్‌రే నష్టం సుమారు 40 శాతం తగ్గింది. పదో తరగతి పిల్లలు దీని మీద ప్రశ్నల మీద ప్రశ్నలు వేశారు.

చివరిగా ఆ బిగుతు మూత సీసా. మిగిలిన జీవులను అందులో దాచమన్నారు. మూసిన నీటిలో ప్రాణవాయువు అయిపోతే ఇవి ఉబ్బి, కాళ్లు చాచి, బిర్రుగా బిగుసుకుపోతాయి. అది టన్ స్థితి కాదు, ఊపిరాడని స్థితి. వెంటనే తాజా నీటిలోకి మారిస్తే కొన్ని కోలుకుంటాయి, ఆలస్యమైతే లేదు. సీసా వద్దు. పల్చగా నీళ్లు పోసిన గాజు పళ్లెంలో, నాచు రెమ్మతో, వదులు మూతతో నీడలో ఉంచండి. పైతొడుగు విడిచేటప్పుడు కొన్ని జాతులు దాని లోపలే గుడ్లు పెట్టి బయటికి వస్తాయి. అలాంటి తొడుగు కంటపడితే డ్రాపర్‌తో కదపకుండా అక్కడే వదిలేయండి, పొదిగే వరకు రోజూ చూడవచ్చు.

మైక్రోస్కోపుకు, నాచుకు కలిపి నాలుగున్నర నక్షత్రాలు ఇస్తాను, పుస్తకానికి ఒకటిన్నర. తయారీదారులకు మూడు సవరణలు రాసి పంపాను: ఎండబెట్టే పేజీ మార్చండి, పొట్లం మీద తేదీ వేయండి, పెట్టె మీది ‘చావులేని’ అన్న మాట తీసేయండి. ఈలోగా కొనేవారు పై పద్ధతిని ఒక కాగితం మీద రాసుకుని ఆ పేజీ మీద అతికించుకోండి.