పాత డయోరమా: ఉంచి వివరణ రాయాలా, తీసేయాలా?

అద్దం వెనక కదలని సింహం, గోడ మీద గీసిన ఆకాశం. ఇదే డయోరమా: నిజమైన జంతు చర్మాలతో చేసిన బొమ్మలను సహజ దృశ్యంలా అమర్చిన గాజు గది. పిల్లలు ముక్కు అద్దానికి ఆనించి చూసే ఈ బొమ్మలతో మ్యూజియంలకు ఇప్పుడు పెద్ద టెన్షనే.

ఖర్చు
ఉంచితే: లైట్ల వెలుగుకి బొచ్చు వెలిసిపోతుంది. న్యూయార్క్‌లోని అమెరికన్ మ్యూజియం ఆఫ్ నేచురల్ హిస్టరీ ఉత్తర అమెరికా జంతువుల హాలును 2012లో మళ్లీ తెరిచేముందు బొచ్చుకు రంగు వేయించాల్సి వచ్చింది.
తీసేస్తే: పాత చర్మాలకు ఆర్సెనిక్ పూసి ఉండొచ్చు, ఊరికే చేత్తో పట్టుకుని మోసుకెళ్లే పని కాదు. వెనక వంపు గోడ మీద నేరుగా వేసిన చిత్రమైతే ఇక పోయినట్టే.

శ్రమ
ఉంచితే: వివరణ రాయాలి, అదీ నిజాయితీగా. అదే మ్యూజియం 1939 నాటి డయోరమాలో లెనాపే మూలవాసులను తప్పుగా చూపించింది. 2018లో ఆ తప్పులను అద్దం మీదే పెద్ద అక్షరాలతో రాసింది. నాకు నచ్చిన పద్ధతి ఇదే.
తీసేస్తే: ఒకసారి కష్టపడితే చాలు.

రిస్క్
ఉంచితే: అమెరికాలోని పిట్స్‌బర్గ్‌లో ఒంటె మీది మనిషిపై సింహం దూకే డయోరమా ఉండేది, జంతు చర్మాలతో బొమ్మలు చేసే ఫ్రెంచ్ వెర్రో సోదరుల 1867 నాటి పని. స్కాన్ చేస్తే ఆ మనిషి బొమ్మ తలలో నిజమైన మనిషి పుర్రె ఉందని 2017లో తెలిసింది.
తీసేస్తే: చరిత్ర కూడా గోడౌన్‌కి పోతుంది. జంతు చర్మాలతో బొమ్మలు చేసే కార్ల్ ఏక్లీ 1921లో ఆ న్యూయార్క్ మ్యూజియం డయోరమా కోసం గొరిల్లాలను కాల్చి తెచ్చాడు, తర్వాత వాటి కోసమే కాంగోలో పార్కు పెట్టించాడు. ఆ రెండూ ఒకే గాజు ముందు నిలబడి చెప్పాల్సిన కథ.

తప్పు రాతలోనో చూపులోనో ఉంటే ఉంచి, అద్దం మీద రాయండి. లోపల మనిషి ఎముకే ఉంటే తీసేయండి, అందులో బేరం లేదు.