కాలవిద్య పండితుడిగా ఏడాదిన్నర: ఎక్స్‌ప్లోరర్స్ గైడ్ టు వైల్డ్‌మౌంట్

2020లో వచ్చిన ఈ డీ అండ్ డీ (డంజన్స్ అండ్ డ్రాగన్స్, డైస్ వేస్తూ కథలో పాత్రలుగా ఆడే ఆట) పుస్తకం 304 పేజీలుంటుంది, నేను మాత్రం అందులో నాలుగైదు పేజీల కోసమే తీసుకున్నా. క్రోనర్జీ విజర్డ్, అంటే కాలం మీద పరిశోధన చేసే మాంత్రికుడు. ఏడాదిన్నరగా వాడితోనే ఆడుతున్నా, ఇప్పుడు 15వ లెవెల్.

పుస్తకంలోని వైల్డ్‌మౌంట్ అనే కల్పిత లోకంలో కాలాన్ని, గురుత్వాకర్షణని వంచే విద్యని డ్యూనమాన్సీ అంటారు. అక్కడి క్రిన్ డైనాస్టీ అనే రాజ్యం వాళ్లకి అది చదువు కాదు, మతం. లక్సాన్ బీకన్లనే వస్తువులని తమ దేవుడు లక్సాన్ అంశగా కొలుస్తారు, వాటి వల్లే కొందరి ఆత్మలు చనిపోయాక మళ్లీ పుడతాయి. అవతల డ్వెండాలియన్ సామ్రాజ్యంలో సెర్బరస్ అసెంబ్లీ మాంత్రికులు అదే విద్యని గుట్టుగా తవ్వుతుంటారు. మధ్యలో యుద్ధం. ఇలాంటి చోట కాలం గురించి పుస్తకం తెరిచినవాడు ఒకరికి దైవద్రోహి, ఇంకొకరికి శత్రువుల మనిషి. నా క్యారెక్టర్ సామ్రాజ్యం వాళ్ల సోల్‌ట్రైస్ అకాడమీలో చదివాడని పెట్టుకున్నా, ఇక వాడికి సుఖం ఎక్కడిది!

పుస్తకంలో నాకు బాగా నచ్చింది హీరోయిక్ క్రానికల్, అంటే క్యారెక్టర్ గతాన్ని అల్లే పద్ధతి. మిత్రులు, ప్రత్యర్థులు, జీవితాన్ని మలుపు తిప్పిన ఘటనలు, ఒక రహస్యం, ఒక జోస్యం, ఆఖరికి ఇష్టమైన తిండి కూడా టేబుల్స్ చూసి డైస్ వేసి తేల్చుకోవచ్చు. నాకు పడిన ప్రత్యర్థిని డీఎం (ఆట నడిపేవాడు), నేను కలిసి నా క్యారెక్టర్ పాత గురువుగా మార్చాం. ఆ ఒక్క నిర్ణయం మీదే సగం కథ నడిచింది.

ఇక పవర్స్. రెండో లెవెల్‌లో వచ్చే క్రోనల్ షిఫ్ట్, ఒక రోల్ గెలిచిందో ఓడిందో చూశాక కూడా రీరోల్ చేయిస్తుంది, లాంగ్ రెస్ట్‌కి (రాత్రి నిద్రలాంటి పెద్ద విశ్రాంతి) రెండుసార్లు. డీఎం ఇరవై ముఖాల డైస్ (డీ20) మీద 20 వేసి ముసిముసిగా నవ్వుతున్నప్పుడు "ఆగు, మళ్లీ వెయ్యి" అన్నా. 4 పడింది. ఆ మొహం చూడ్డానికైనా ఈ క్లాస్ ఆడాలి.

పదో లెవెల్ దగ్గర మాత్రం తలనొప్పి. నాలుగో లెవెల్ వరకు ఉన్న స్పెల్‌ని (మంత్రాన్ని) ఓ బూడిదరంగు పూసలో గంటసేపు దాచి ఎవరి చేతిలోనైనా పెట్టొచ్చు. పట్టుకున్నవాడే దాన్ని వదులుతాడు, మంత్రం నిలవడానికి కావాల్సిన కాన్సంట్రేషన్ కూడా వాడిదే. నేను నా మాంత్రికుడికి తోడుండే గుడ్లగూబకిచ్చా. డీఎం మొదటిసారి పోనీలే అన్నాడు, రెండోసారి కుదరదన్నాడు. ఇలాంటిది మొదలుపెట్టే ముందే మాట్లాడేసుకోండి.

అసలు వెలితి ఇంకోటి. డ్యూనమాన్సీ స్పెల్స్‌లో చాలానే గురుత్వాకర్షణవి, కాలానివి వేళ్ల మీద లెక్కపెట్టొచ్చు. గతంలోకి వెళ్లడం అసలు లేదు. పరిశోధన చేసినందుకు నిన్ను ఎవరెవరు చంపాలనుకుంటారో వివరంగా చెప్పారు గానీ, లైబ్రరీలో కూర్చుని ఏం పరిశోధిస్తావో దానికి రూల్స్ లేవు. పండితుడు ఆడాలని వచ్చినవాడికి ఇది కాస్త మోసమే. ఆ భాగమంతా మేమే అల్లుకున్నాం.

ఆ లోటు కొంత తీర్చింది 14వ లెవెల్. కన్వర్జెంట్ ఫ్యూచర్. డైస్‌ని పక్కన పెట్టి ఈ రోల్ గెలుస్తుందో ఓడుతుందో నువ్వే చెప్పేస్తావు, బదులుగా ఒక లెవెల్ ఎగ్జాషన్ (అలసట). గురువుతో తలపడిన రోజు వరసగా మూడుసార్లు వాడా. మా వాళ్లందరూ బతికారు. నాకు మాత్రం స్పీడ్ సగమైంది, అటాక్‌లు, ప్రమాదం తప్పించుకునే సేవింగ్ త్రోలు అన్నీ డిసడ్వాంటేజ్ (డైస్ రెండుసార్లు వేసి తక్కువది తీసుకోవాలి), మనిషి నిలబడలేక నిలబడ్డాడు. ఏడాదిన్నరలో నా క్యారెక్టర్ నిజంగా కాలవిద్య పండితుడిలా అనిపించింది ఆ పదిహేను నిమిషాలే.

అన్నట్టు, 2024 రూల్స్‌తో ఆడితే ఎగ్జాషన్ వేరేగా ఉంటుంది, లెవెల్‌కి ప్రతి డీ20 రోల్‌లో 2, స్పీడ్‌లో 5 అడుగులు తగ్గుతాయి, కాబట్టి ఈ దెబ్బ లెక్క మారుతుంది. మేం ఇంకా పాత రూల్సే.