పేరులో ఒత్తు కూడా పోనివ్వని జెర్సీల షాపు, నెల్లూరు

కావలి దగ్గర ఒక జెడ్పీ హైస్కూల్లో పీఈటీగా పనిచేస్తున్నాను. మా అమ్మాయిల బేస్‌బాల్ జట్టుకు పోయిన నెల ఈ షాపులో పదహారు జెర్సీలు వేయించాను. ముందు స్కూలు పేరు, వెనక బిడ్డ పేరు, నంబరు అన్నీ కలిపి ఒక్కోటి 380 రూపాయలు పడింది. ట్రంకు రోడ్డు మీంచి లోపలి సందులో మేడ మీద ఉంటుంది. కింద లైనింగ్ గుడ్డల కొట్టు, దాని పక్కనే మెట్లు. బండి పెట్టుకోవడానికి చోటు లేదు, ఆ ఇబ్బంది ముందే చెప్తున్నా.

గుడ్డ డాట్ నిట్, చిన్న చిన్న రంధ్రాలుండే రకం. మధ్యాహ్నం మూడింటి ఎండలో ఆడినా ఒంటికి అతుక్కోలేదు. సబ్లిమేషన్ ప్రింటు కాబట్టి రంగు దారంలోకే దిగిపోతుంది, స్టిక్కరు అంటించినట్టు ఉండదు. మా ఊరి బోరు నీళ్ళు ఉప్పగా ఉంటాయి, ఆ నీళ్ళలో ఆరేడు ఉతుకులైనా అక్షరం చెరగలేదు. రెండు జెర్సీలకు చంక దగ్గర కుట్టు వదిలితే తీసుకెళ్ళాను, డబ్బులు అడక్కుండా వేసిచ్చారు.

ఇంతవరకు వేరే షాపుల్లోనూ దొరుకుతుంది. నేను కావలి నుంచి పనిగట్టుకుని ఇక్కడికి వచ్చింది పేర్ల కోసం.

పోయిన ఏడాది ఇంకోచోట వేయించాను. మా క్యాచర్, అంటే బ్యాటరు వెనక బంతి పట్టే అమ్మాయి, పేరు జ్యోత్స్న. త కింద స ఒత్తు, దాని కింద న ఒత్తు దిగాలి. కంప్యూటర్లో ఫాంటు సరిగ్గా లేదో, చూసుకోలేదో, త, స నెత్తిన పొల్లులతో, మూడక్షరాలూ పక్కపక్కన నిలబడి వచ్చాయి. అడిగితే ‘దూరం నుంచి ఎవరికి కనబడుతుంది మేడం’ అన్నారు. ఆ పిల్ల టోర్నమెంటు మొత్తం, బెంచీ మీద కూర్చున్నప్పుడల్లా వీపు మీద టవల్ కప్పుకుంది.

ఇక్కడ పద్ధతి వేరు. ఓనరు పెద్దాయన మొదటి రోజే ఒక తెల్ల కాగితం ఇచ్చి, ‘నువ్వు రాయబాకమ్మా, బిడ్డల చేతే రాయించుకుని రా’ అన్నాడు. పదహారు మందీ తమ పేర్లు తామే రాశారు. కంప్యూటర్లో కొట్టే అబ్బాయి ఆ కాగితాన్ని మానిటర్ పక్కన అతికించుకుని, ఒక్కో పేరు కొట్టాక పైకి చదివాడు. ప్రూఫు వాట్సాప్‌లో పంపాడు. ‘వైష్ణవి’లో ణ ఒత్తు కొంచెం ఆనకపోతే ఆ ఒక్కదాని కోసం ఫాంటు మార్చాడు. ‘పేరు తప్పైతే బిడ్డ మనసు చిన్నబోతాది’ అన్నాడు పెద్దాయన. ఆ మాటతో ఆయన మీద నాకు గౌరవం కలిగింది.

ఈ ఆటలో పేర్ల గొడవ చాలా పాతది. అమెరికాలో ప్రొఫెషనల్ లీగు మొదలైన 1871లోనే క్యూబా నుంచి వచ్చిన ఎస్తేబాన్ బెయాన్ ట్రాయ్ జట్టుకు ఆడాడు. లాటిన్ అమెరికా నుంచి అక్కడ ఆడిన మొదటివాడు ఆయనే. ఆయన్ని ఇంగ్లీషు పేరుతో స్టీవ్ అని పిలిచారు. తర్వాత ఏళ్ళ తరబడి అంతా ఒంటి రంగును బట్టి నడిచింది. తెల్లగా కనబడే ఇద్దరు క్యూబా వాళ్ళను 1911లో సిన్సినాటి జట్టు తీసుకుంది. నల్లవాళ్ళకు 1947 దాకా తలుపు మూసే ఉంది. క్యూబాకే చెందిన నల్ల ఆటగాడు మార్తిన్ దిహిగో పిచింగ్ చేసేవాడు, అంటే బ్యాటరుకు బంతి విసిరేవాడు, బ్యాటింగ్ చేసేవాడు, మైదానంలో ఎక్కడ నిలబెట్టినా ఆడేవాడు. అమెరికాలో అన్నిటికన్నా పెద్దదైన మేజర్ లీగులో ఆయనకు ఒక్క ఆట కూడా దక్కలేదు. చనిపోయిన ఆరేళ్ళకు, 1977లో, మేటి ఆటగాళ్ళ పేర్లు నిలిపే హాల్ ఆఫ్ ఫేమ్‌లో చేర్చారు.

మా పిల్లలకు నేను ఎక్కువగా చెప్పేది రొబెర్తో క్లెమెంతె గురించి. ప్యూర్టో రికోలో కరోలినా ఊరివాడు, నాన్న చెరకు తోటల్లో మేస్త్రీ. 1955 నుంచి 1972 దాకా పిట్స్‌బర్గ్ పైరేట్స్‌కు ఆడాడు. బేస్‌బాల్ కార్డుల మీద ఏళ్ళ తరబడి ఆయన పేరు ‘బాబ్’ అని అచ్చు వేశారు. ఆయన ఇంగ్లీషు మాటలను పలికిన యాసతో సహా పత్రికల్లో అచ్చువేసి నవ్వుకున్నారు. ఫ్లోరిడాలో క్యాంపు జరిగేటప్పుడు తెల్ల ఆటగాళ్ళు హోటల్లో కూర్చుని తింటుంటే, నల్లవాళ్ళు బస్సులోనే ఉండి, ఎవరైనా తెచ్చిపెడితే తినాలి. నల్లవాడైన క్లెమెంతె అలా తిననని ఎదురు తిరిగాడు. 1971 వరల్డ్ సిరీస్ గెలిచాక టీవీ మైకు ముందుకొస్తే, ముందు అమ్మానాన్నలతో స్పానిష్‌లో మాట్లాడాడు. మరుసటి ఏడు సరిగ్గా 3,000 హిట్లు (బంతి కొట్టి బేస్ చేరడం) పూర్తయ్యాయి. ఆ డిసెంబరు 31న, నికరాగువా భూకంప బాధితులకు సామాన్లు తీసుకెళ్తున్న విమానం సముద్రంలో కూలి చనిపోయాడు. తుఫానొస్తే అన్నం పొట్లాలు మోసే ఊళ్ళు మావి, పిల్లలు ఆ చోట మాట్లాడకుండా కూర్చుండిపోయారు.

1973లో హాల్ ఆఫ్ ఫేమ్‌లో ఆయన కంచు ఫలకం పెట్టారు. దాని మీద ‘రొబెర్తో వాకర్ క్లెమెంతె’ అని పోత పోశారు. స్పానిష్ పద్ధతిలో ముందు నాన్న ఇంటిపేరు, చివర అమ్మ ఇంటిపేరు వస్తాయి. వాకర్ అమ్మ వైపు పేరు, అది చివర ఉండాలి. దాన్ని సరిచేసింది 2000లో. అంత పెద్ద మనిషి పేరు ఇరవై ఏడేళ్ళు తప్పుగా ఉండిపోయింది.

ఫెలిపె రోహస్ అలూది కూడా ఇలాంటిదే. డొమినికన్ రిపబ్లిక్ నుంచి వచ్చినప్పుడు, చివర ఉన్న అమ్మ ఇంటిపేరునే అసలు ఇంటిపేరనుకున్నారు. ఆయనతో పాటు తమ్ముళ్ళు మాటీ, హెసూస్‌లకూ అలూ అనే స్థిరపడింది. 1963లో అన్నదమ్ములు ముగ్గురూ శాన్‌ఫ్రాన్సిస్కో జెయింట్స్ అవుట్‌ఫీల్డ్‌లో ఒకేసారి నిలబడ్డారు. ముగ్గురికీ నాన్న పేరు లేదు.

ఇది మా పిల్లలకు వివరించి చెప్పే పనే లేకపోయింది. రెండేళ్ళ క్రితం వేరే రాష్ట్రంలో టోర్నమెంటుకు వెళ్తే, మన పద్ధతిలో ముందున్న ఇంటిపేరే పేరనుకుని రాసుకున్నారు. మా రమ్యను బ్యాటింగుకు మైకులో ఇంటిపేరుతో పిలిచారు. తనదని తెలియక ఆ పిల్ల హెల్మెట్ ఒళ్ళో పెట్టుకుని కూర్చునే ఉంది. నేను అరిస్తే లేచింది. హిందీలో ఏదో తిట్టారు, అదీ దానికి అర్థం కాలేదు. అక్కడ ఉన్న నాలుగు రోజులూ దాని నోట మాట రాలేదు. మేజర్ లీగులో ప్రతి జట్టుకూ స్పానిష్ దుబాసీ ఉండాలన్న నిబంధన వచ్చింది 2016లోనే. పదహారేళ్ళకే ఒప్పందం మీద సంతకం పెట్టి, ఇల్లు వదిలి వెళ్ళే డొమినికన్ పిల్లలు అంతకుముందు ఎలా నెట్టుకొచ్చారోనని నాకు ఇప్పటికీ బాధేస్తుంది.

అదే 2016లో అద్రియాన్ గొన్సాలెస్ లాంటి ఆటగాళ్ళు, జెర్సీల మీద తమ పేర్లలోని గీతలు కూడా వేయాలని అడిగారు. స్పానిష్‌లో అక్షరం మీద చిన్న ఏటవాలు గీత ఉంటుంది. అది లేకపోతే పేరును ఎక్కడ ఒత్తి పలకాలో తెలియదు. లీగు ఒప్పుకుని, దాన్నే ప్రచారంగా నడిపింది. ఈ సంగతి చెప్తే కంప్యూటర్ అబ్బాయి కుర్చీ నా వైపు తిప్పి, ‘మన ఒత్తులాంటిదేనా మేడం’ అని అడిగాడు. అవునన్నాను.

క్లెమెంతె నంబరు 21. రొబెర్తో క్లెమెంతె వాకర్ అని వాళ్ళ లిపిలో రాస్తే ఇరవై ఒక్క అక్షరాలు, అందుకే ఆ నంబరు ఎంచుకున్నాడట. అబ్బాయి ఆర్డరు పుస్తకం వెనక రాసి లెక్కపెట్టి చూశాడు. మా జట్టులో అందరూ 7 కావాలి, 18 కావాలి అని కొట్టుకున్నారు. 21 మాత్రం జ్యోత్స్న నోరు తెరిచి అడిగి తీసుకుంది. జెర్సీ చేతికొచ్చిన రోజు కావలి బస్సులో దాన్ని ఒళ్ళో పరుచుకుని, త కింద దిగిన రెండు ఒత్తుల మీదా వేలు పెట్టి చూసుకుంది. ఈసారి బెంచీ మీద టవల్ లేదు.

లోపాలూ ఉన్నాయి. పది రోజులన్నారు, పన్నెండో రోజు ఇచ్చారు. తెల్ల గుడ్డ పల్చన, అమ్మాయిలకు ముదురు రంగే తీసుకోండి. సైజులు ఒక నంబరు చిన్నగా వస్తాయి. అడ్వాన్సు సగం కట్టాలి, ఆదివారం మధ్యాహ్నం నుంచి షాపు ఉండదు. పేర్లు మాత్రం పిల్లల చేత్తోనే రాయించుకుని వెళ్ళండి, ఫోన్లో చెప్తే పెద్దాయన ఒప్పుకోడు.