హనోయ్ నుంచి ఒక్క రోజులో పల్లెలు, పగోడాలు: తూర్పు దారా, పడమటి దారా?

హనోయ్ ఓల్డ్ క్వార్టర్‌లో ఏ ట్రావెల్స్ కౌంటర్ ముందు ఆగినా 'ప్రాచీన గ్రామాలు, పగోడాలు' అనే ఒకరోజు టూరు కరపత్రం చేతిలో పెడతారు. పేరు ఒకటే గానీ దారులు రెండు. ఒకటి పడమరగా సోన్ టై వైపు వెళ్తుంది. డూంగ్ లామ్ గ్రామం, అక్కడి మీయా పగోడా, దారిలో థై, తై ఫూంగ్ పగోడాలు ఇందులో వస్తాయి. రెండోది ఎర్రనది దాటి తూర్పుగా బాక్ నిన్ వైపు. చెక్క అచ్చులతో కాగితం మీద బొమ్మలు వేసే డోంగ్ హో ఊరు, బుట్ థాప్, డావ్ పగోడాలు, ఓపిక ఉంటే తిరిగొచ్చేటప్పుడు బాట్ ట్రాంగ్ కుమ్మరుల ఊరు. రెండు వైపులనూ ఒకే రోజులో చుట్టబెడతామనే ప్యాకేజీ మాత్రం ఎంత చవకైనా తీసుకోవద్దు. మధ్యలో హనోయ్ నగరమే అడ్డం. దాన్ని దాటడానికే రెండు గంటలు పోతాయి. చివరికి ప్రతిచోటా ఫొటో దిగి వ్యాన్ ఎక్కడమే మిగులుతుంది.

ఎక్కువగా అమ్ముడుపోయేది పడమటి దారి. ఊరు అందంగా ఉంటుంది, ఫొటోలు బాగా వస్తాయి. కానీ బౌద్ధం మీద ఆసక్తి ఉన్నవాళ్లకీ, మోకాళ్ల నొప్పులున్న పెద్దవాళ్లతో వెళ్లేవాళ్లకీ తూర్పు దారే మేలు. అటంతా చదునైన నేల, ఎక్కాల్సిన మెట్లు లేవు. చూడాల్సిన మూడు చోట్లూ తువాన్ థాన్ ప్రాంతంలోనే, ఒకదానికొకటి కొద్ది కిలోమీటర్లలో ఉంటాయి. హనోయ్ నుంచి సుమారు 30 కిలోమీటర్లు. వంతెన మీద రద్దీని బట్టి గంట, గంటంపావు పడుతుంది.

తూర్పు దారిలో ఏది ముందు చూస్తామన్నదే ముఖ్యం. డోంగ్ హో పొద్దున్నే చూసేయాలి. పల్లెల్లో పదకొండున్నర నుంచి ఒకటిన్నర దాకా భోజనం, కునుకు. ఆ వేళకు వెళ్తే బొమ్మలు అచ్చేసేవాళ్లు ఉండరు, అమ్మేవాళ్లే ఉంటారు. తొమ్మిదికల్లా అక్కడుంటే అచ్చు పని మొదటి నుంచి చివరి దాకా చూడొచ్చు.

ఆ పని దగ్గర నిలబడి చూడదగ్గదే. జో అనే చెట్టు బెరడుతో చేసిన కాగితం మీద, సముద్రపు గవ్వల పొడిని గంజిలో కలిపి, పైన్ ఆకుల కుంచెతో పూస్తారు. ఆ కుంచె వదిలిన గీతలు, గవ్వపొడి మెరుపు కాగితం మీద అలాగే నిలిచిపోతాయి. రంగుకొక చెక్క అచ్చు. అచ్చును రంగు మీద అద్ది, కాగితం మీద బోర్లించి నొక్కి, కాగితంతో సహా తిరగేసి, వెనక నుంచి ఎండిన బీరపీచుతో రుద్దుతారు. కాగితం ఒలిచి ఆరేస్తారు. ఆరాకే తరువాతి రంగు. ఎరుపు ఒక రకం గులకరాళ్ల నుంచి, పసుపు హోయె అనే చెట్టు పూల నుంచి, నలుపు వెదురాకుల బొగ్గు నుంచి వస్తాయి. ఆ నల్లటి గీతల అచ్చు అన్నిటికన్నా చివర పడుతుంది. అప్పటిదాకా రంగు మరకల్లా ఉన్నది ఒక్కసారిగా కోడిపిల్లలుగానో, ఎలుకల పెళ్లి ఊరేగింపుగానో మారుతుంది. కొనేటప్పుడు కాగితాన్ని వెలుతురుకు వాల్చి చూడండి. గవ్వ మెరుపు, కుంచె గీతలు కనపడకపోతే అది మామూలు ప్రెస్సు కాపీ. ఆరని బొమ్మను చుట్టి ఇస్తే రంగు అంటుకుపోతుంది కాబట్టి ఆరినదే అడిగి తీసుకోవాలి.

ఒక నిరాశకు మాత్రం సిద్ధపడి వెళ్లాలి. ఊరంతా బొమ్మలు అచ్చేస్తూ కనిపిస్తుందనుకోవద్దు. ఆ పని చేసే కుటుంబాలు వేళ్ల మీద లెక్కపెట్టేటన్నే మిగిలాయి. మిగతా ఊరు పితృదేవతలకు కాల్చే కాగితపు సరుకు చేసుకుని బతుకుతోంది. కాగితపు ఇళ్లు, బట్టలు, మోటారు సైకిళ్లు. గైడ్లు వీటిని దాటించి తీసుకెళ్లిపోతారు గానీ అడిగితే ఆగుతారు. ఆగమనే మా సలహా.

అక్కడి నుంచి బుట్ థాప్. డూవాంగ్ నది కరకట్ట పక్కన పొలాల మధ్య ఉంటుంది, రద్దీ తక్కువ. దీనికి కనీసం గంట కేటాయించాలి. అందరూ వచ్చేది వేయి చేతుల అవలోకితేశ్వరుడి కోసం, అంటే కరుణామూర్తిగా కొలిచే బోధిసత్వుడి కోసం. ఇక్కడ ఆయన స్త్రీ రూపంలో, క్వాన్ ఆమ్‌గా ఉంటాడు. 1656లో చెక్కతో చెక్కి, లక్క పూసిన విగ్రహం. పీఠంతో కలిపి సుమారు 3.7 మీటర్ల ఎత్తు. పదకొండు తలలు, ముందు 42 పెద్ద చేతులు, వెనుక వలయంలో వందల కొద్దీ చిన్న చేతులు. ప్రతి అరచేతిలో ఒక కన్ను. లోపల వెలుతురు తక్కువ, ఫ్లాష్ వాడకూడదు. బయటి ఎండలోంచి వచ్చిన కళ్లకు మొదటి రెండు నిమిషాలు ఏమీ తెలియదు, అప్పుడే చాలామంది 'చూసేశాం' అని వెనుదిరుగుతారు. కాస్త ఆగి పక్కకు వెళ్లి చూస్తే చేతుల వరుసలు విడివిడిగా తెలుస్తాయి. వెనక రాతి వంతెన దాటితే తొమ్మిది అంతస్తుల చెక్క కమల స్తంభం ఉంది, తిరిగేలా చేసినది. చేత్తో తోయబోకండి.

డావ్ పగోడా పేరులోని 'డ'ను అక్కడివాళ్లు 'జ' అంటారు. డ్రైవరుకు 'జౌ' అని చెబితేనే అర్థమవుతుంది. వియత్నాంలోని అతి పురాతన పగోడాల్లో దీన్ని మొదట చెబుతారు. ఈ ప్రాంతమే ఒకప్పటి లుయ్ లావ్ పట్టణం. సముద్రం మీద వచ్చిన భారతీయ భిక్షువులు ఇక్కడ దిగి బౌద్ధం చెప్పారు. వినీతరుచి అనే భిక్షువు 580లో ఇక్కడికే వచ్చాడు. వియత్నాం గ్రంథాలు ఆయన్ని దక్షిణ భారతీయుడంటాయి. ఆ దేశపు తొలి ధ్యాన సంప్రదాయానికి ఆయన పేరే ఉంది. తెలుగువాళ్లు ఇంత దూరం వచ్చి ఈ పగోడా చూడకుండా పోవడం అన్యాయం.

గర్భగుడిలో ఉన్నది మనం ఊహించే బుద్ధుడు కాదు. మబ్బు, వాన, ఉరుము, మెరుపు అనే నలుగురు దేవతల్లో మబ్బుకు అధిదేవత. ముదురు గోధుమ రంగులో, మనిషికన్నా కాస్త పెద్దదిగా ఉంటుంది. ఖౌ దా లా అనే భారతీయ భిక్షువు, మాన్ నూంగ్ అనే అమ్మాయి, వాళ్ల బిడ్డను దాచుకున్న చెట్టు, వరదలో కొట్టుకొచ్చిన ఆ మాను నుంచి చెక్కిన నాలుగు విగ్రహాలు అన్నది కథ. వాన కోసం మొక్కే పాత ఆచారం బౌద్ధంలో కలిసిపోయిన తీరు ఇక్కడ కళ్లకు కడుతుంది. గైడు ఈ కథ చెప్పలేకపోతే టూరు డబ్బులో సగం పోయినట్టే. ముంగిట్లోని హోవా ఫాంగ్ ఇటుక గోపురం ఒకప్పుడు తొమ్మిది అంతస్తులని చెబుతారు, ఇప్పుడు మూడే. దాని పక్కన అరిగిపోయిన రాతి గొర్రె ఒకటుంది. చాలామంది దాన్ని బండరాయి అనుకుని దాటిపోతారు.

బాట్ ట్రాంగ్‌ను చివర్లో పెట్టుకోవచ్చు. కుండల చక్రం మీద పిల్లల చేత ఆడించడానికి సరదాగా ఉంటుంది. కానీ చేసిన వస్తువు అదే రోజు బట్టీలో కాల్చి చేతికివ్వరు. పచ్చిమట్టిదాన్ని ఆరబెట్టి ఇస్తారు, విమానంలో అది పొడిపొడి అవుతుంది. బజారులో కొనడమే మంచిది.

ఇక పడమటి దారి. డూంగ్ లామ్ హనోయ్‌కి 50 కిలోమీటర్ల లోపే. 938లో బాక్ డాంగ్ నది మీద చైనా సేనను ఓడించిన ఎన్గో క్వియెన్ ఈ ఊరివాడు. ఊరి విశేషం లేటరైట్ రాయి. తవ్వినప్పుడు మెత్తగా ఉండి, గాలి తగిలాక గట్టిపడే ఈ రాయితో ఇళ్లు, ప్రహరీలు, బావులు అన్నీ కట్టారు. మోంగ్ ఫూ ద్వారం నుంచి లోపలికి నడిచి, ఊరి ఉమ్మడి మంటపం చూసుకుని, రెండు పాత ఇళ్లలోకి వెళ్లొస్తే సరిపోతుంది. అవి మ్యూజియంలు కావు, జనం కాపురముంటున్న ఇళ్లు. ముంగిట్లో సోయా గింజలు పులియబెట్టిన జాడీల వరుస కనిపిస్తుంది. టీ పోస్తారు, వెళ్లేముందు బెల్లం మిఠాయో సోయా సీసానో చూపిస్తారు. కొనాలన్న బలవంతం లేదు గానీ, ఏమీ కొనకపోతే టీ డబ్బులైనా పెట్టి రావడం మర్యాద. మీయా పగోడాలో మట్టి, చెక్క, కంచు విగ్రహాలు కలిపి 287 ఉన్నాయి. సైకిళ్లు అద్దెకు దొరుకుతాయి. బ్రేకులు నొక్కి చూసి తీసుకోండి.

తై ఫూంగ్ పగోడాకు రెండు వందలకు పైగా లేటరైట్ మెట్లు ఎక్కాలి. ఫిబ్రవరి, మార్చి నెలల తుంపర్లలో ఆ మెట్లు నాచుపట్టి జారుతాయి. చెప్పుల కన్నా పట్టు ఉన్న బూట్లు మేలు. పైన ఉన్న పనస చెక్క అర్హంతుల (జ్ఞానం పొందిన బౌద్ధ భిక్షువుల) విగ్రహాలు మాత్రం ఆ శ్రమకు తగ్గవే. ఒకాయన డొక్కలెగసి, ఒకాయన నవ్వుతూ, ఒక్కొక్కరిది ఒక్కో ముఖం. థై పగోడా కొలను మీది నీటి బొమ్మలాట మంటపం కరపత్రాలన్నిటి మీదా ఉంటుంది. ఆట మాత్రం చాంద్రమాన మూడో నెల ఉత్సవాల్లో తప్ప ఉంటుందని ఆశపడవద్దు. నాలుగూ ఒకే రోజు పెడితే ఏదో ఒకటి నలుగుతుంది. డూంగ్ లామ్‌తో పాటు రెండింటిలో ఒకటే ఎంచుకోండి, తై ఫూంగ్ అయితే నయం.

బుక్ చేసేముందు అడగాల్సినవి కొన్ని ఉన్నాయి. ఏ వరుసలో తీసుకెళ్తారు, ఒక్కో చోట ఎంతసేపు, దారిలో ఆపే దుకాణాలు ఎన్ని. 'టాయిలెట్ బ్రేక్' పేరుతో హైవే మీద లక్క, ముత్యాల షోరూములో అరగంట నిలిపే టూర్లు చాలా ఉన్నాయి. పికప్ ఏడున్నరకు అన్నారంటే బయలుదేరేది ఎనిమిదింపావుకే, హోటళ్ల చుట్టూ తిరిగి అందర్నీ ఎక్కించుకోవాలి కదా. నలుగురు ఉంటే సొంతంగా కారు, గైడు మాట్లాడుకోవడం తలసరి లెక్కలో పెద్ద తేడా రాదు, వరుస మన చేతిలో ఉంటుంది. యాప్‌లో క్యాబ్ పట్టుకుని వెళ్లడం సులువే. ఆ పల్లెల నుంచి తిరిగి రావడానికి దొరకదనే అనుకోవాలి.

భోజనం శాకాహారులకు అసలు పరీక్ష. 'మాంసం వద్దు' అంటే ముక్కలు తీసేసి, చేప సాసు వేసిన కూర తెస్తారు. 'అన్ చాయ్' అని ఒక రోజు ముందే చెప్పించాలి. అప్పుడు టోఫు, వెల్లుల్లి వేయించిన తూటికూర, అన్నంలోకి నువ్వులు, వేరుశెనగల పొడి వస్తాయి. ఆ పొడి మన నువ్వులపొడికి చెల్లెలే, కారం ఒక్కటే తక్కువ. మాంసాహారులు డూంగ్ లామ్‌లో మీయా కోడి తినాలి.

భుజాలు, మోకాళ్లు కప్పే బట్టలు వేసుకోండి. ఎత్తైన గడప మీద కాలు పెట్టకుండా దాటండి. నోట్లు హుండీలోనే వేయండి, విగ్రహాల చేతుల్లో ఇరికించవద్దు. చాంద్రమాన ఒకటో, పదిహేనో తేదీల్లో, అంటే దాదాపు మన అమావాస్య, పౌర్ణమి నాడు, పగోడాలు పూజలతో కళకళలాడతాయి. ధూపం పొగ పడనివాళ్లు ఆ రోజులు తప్పించుకోండి. వియత్నాం కొత్త సంవత్సరమైన టెట్ పండుగ వారంలో పల్లెల్లో పనులన్నీ మూతే. అక్టోబరు నుంచి డిసెంబరు దాకా వాతావరణం బాగుంటుంది. డబ్బులిచ్చేటప్పుడు సున్నాలు లెక్కపెట్టాలి, 20 వేలు, 5 లక్షల డాంగ్ నోట్లు రెండూ నీలమే.

బసకు ఓల్డ్ క్వార్టరే అనుకూలం, పికప్‌లన్నీ అక్కడి నుంచే. చవక గదులకు తరచుగా కిటికీ ఉండదు, బుక్ చేసేటప్పుడే చూసుకోండి. డూంగ్ లామ్‌లో హోమ్‌స్టేలు ఉన్నాయి, చెక్క మంచం, దోమతెర. టూరు వ్యాన్లు వెళ్లిపోయాక ఊరు చూడాలనుకునేవాళ్లకు అది మంచి బేరం. శుక్రవారం సాయంత్రం నుంచి ఆదివారం రాత్రి దాకా ఓల్డ్ క్వార్టర్‌ను ఆనుకుని ఉన్న హోవాన్ కియెమ్ సరస్సు చుట్టూ వాహనాలు రానివ్వరు. ఆ రోజుల్లో టూరు ముగిసేది హోటల్ గుమ్మంలో కాదు, పది పదిహేను నిమిషాల నడక దూరంలో. పెద్దవాళ్లు ఉంటే మంగళ, బుధవారాలు పెట్టుకోండి.